పత్రిక ఖర్చు ఎవరు భరిస్తున్నారు?

సెల్‌ఫోను వచ్చి పత్రికలను మింగేసిందనే మాట మనం తరచుగా వింటాం. అది సగం నిజం. పాఠకుడు ఇచ్చే వెల చాలా పత్రికలకు అచ్చు ఖర్చుకే చాలదు. మిగిలిన భారం ఎవరిదన్నది అసలు ప్రశ్న. ఆ జవాబు మారినప్పుడల్లా సాహిత్యమూ మారింది.

కాశీనాథుని నాగేశ్వరరావు 1893లో అమృతాంజనం వ్యాపారం ప్రారంభించారు. 1908లో ఆంధ్రపత్రికను, 1924లో భారతి మాసపత్రికను స్థాపించారు. తలనొప్పి మందు లాభం ఈ పత్రికలకు అండ. అందుకే భారతి ఎందరు కొంటారన్న బెంగ లేకుండా శాసనాల మీద, ఛందస్సు మీద సుదీర్ఘ వ్యాసాలు వేయగలిగింది.

చాలా వారపత్రికలకు ఆ అండ లేదు. పాఠకుణ్ణి వచ్చే వారం మళ్లీ దుకాణానికి రప్పించాలి. సీరియల్ చేసిన పని అదే. ప్రతి భాగమూ ఉత్కంఠ దగ్గర ఆగడాన్ని విమర్శకులు చౌకబారు ఎత్తుగడ అన్నారు. ఈ తీర్పు తొందరపాటుదని నా అభిప్రాయం. యద్దనపూడి సులోచనారాణి, రంగనాయకమ్మ వంటి పరస్పర భిన్నమైన రచయిత్రులకు వేలాది పాఠకులను కూడగట్టినది ఆ సీరియలే. ఒక్క ప్రతి నాలుగిళ్లు తిరిగేది; అద్దె లైబ్రరీలు బతికాయి.

1970ల చివర వచ్చిన విపుల, చతుర పద్ధతి వేరు. వాటి వెనుక ఈనాడు దినపత్రిక యంత్రాంగం ఉంది. ఆ సౌకర్యంలోనే బలహీనతా ఉంది: లెక్కలు చూసుకునేది సంస్థ, పాఠకుల అభిమానం ఆ లెక్కలో ఒక అంకె మాత్రమే. 2021లో రెండూ ఆగిపోయాయి. పలకలకు పేరుపడ్డ మార్కాపురానికి ఇలాంటిది కొత్త కాదు. బడిపిల్లలు ఉన్నారు, పలక బేరమే తగ్గింది.

ఇప్పుడు మిగిలినవి ఎక్కువగా చందాల మీద నడిచే చిన్న పత్రికలు. జీవిత చందా చూడటానికి ఆదాయమే గాని నిజానికి అప్పు: డబ్బు ఒకసారి వస్తుంది, కాగితం, తపాలా ఖర్చు ప్రతి నెలా ఉంటుంది. 1998లో మొదలైన ఈమాట వంటి అంతర్జాల పత్రికలకు అచ్చు ఖర్చు లేదు. అక్కడ భారం స్వచ్ఛందంగా పనిచేసే సంపాదకులది.

చిన్న పత్రికకు ఉత్కంఠ అక్కరలేదు, కనుక రచయితకు స్వేచ్ఛ ఎక్కువ. అయితే చందాదారుల్లో చాలామంది రచయితలే. గిద్దలూరు బస్టాండులో ప్రయాణానికి తోడుగా వారపత్రిక కొనుక్కునే మనిషి, జీవితంలో ఒక్క కథా రాయని ఆ పాఠకుడు, ఈ లెక్కలో ఎక్కడా లేడు.