కథకుడు, వినేవారు, చరిత్ర: గోండుల మౌఖిక సంప్రదాయం – ఒక పరిశీలన

1. పరిచయం

సిద్దిపేట జిల్లా నంగునూరు మండలంలోని నర్మెట గ్రామంలో 2017లో పురావస్తు శాఖ బృహత్ శిలాయుగపు సమాధులను తవ్వింది. ఒక సమాధిపై కప్పిన బండ బరువు 40 టన్నులకు పైనే. దానిని తీయడానికి క్రేన్లు తేవలసి వచ్చింది. ఇటువంటి సమాధులను తెలంగాణ పల్లెల్లో రాకాసి గుళ్ళని పిలుస్తారు. ఇంత పెద్ద బండను మనుషులు ఎత్తి ఉండరన్న ఆశ్చర్యం ఆ పేరులోనే ఉంది. బండ నిలిచింది కాని, దాని కింద ఉన్నవారి పేరు, వంశం నిలవలేదు. వాటిని తరతరాలుగా చెప్పేవారు లేకుండా పోయారు.

ఇక్కడికి ఉత్తరాన ఆదిలాబాద్ అడవుల్లో ఉన్న రాజ్‌గోండుల స్థితి దీనికి భిన్నం. తమ వంశాల పుట్టుక, దేవతల రాక, పూర్వీకులు నడిచిన దారులు వారికి కథలుగా తెలుసు. ఈ చరిత్ర ఏ గ్రంథంలోనూ పుట్టలేదు, నోటి మాటగా వచ్చింది. ఆ మాటను ఏది నిలబెట్టింది, చరిత్రగా దాని విలువ ఎంత అన్న రెండు ప్రశ్నలను ఈ పాఠంలో పరిశీలిద్దాం.

2. కథ వెనుక ఉన్న ఏర్పాటు

మౌఖిక చరిత్ర అనగానే మనకు జ్ఞాపకశక్తి గుర్తుకు వస్తుంది. జ్ఞాపకం ఒక్కటే చాలదు. ఈ సంగతి అర్థం కావడానికి సిద్దిపేట జిల్లాలోనే ఉన్న చేర్యాలను చూడండి. చేర్యాల నకాషీ చిత్రకారులు గీసిన పటాలను విప్పి, ఆశ్రిత కులాలవారు తమ దాతృ కులాలకు కథలు చెబుతారు. కూనపులి వారు పద్మశాలీలకు మార్కండేయ పురాణం, గౌడజెట్టి వారు గౌడులకు గౌడ పురాణం చెబుతారు. కథ చెప్పడం కథకుని హక్కు, వినడమూ సంభావన ఇవ్వడమూ దాత బాధ్యత. ఈ రెండూ కలిసి ఉన్నంతకాలం కథ నడుస్తుంది.

గోండులు కులం కాదు, ఆదివాసీ తెగ. వారి సామాజిక నిర్మాణం వేరు. అయినా కథను కాపాడే ఏర్పాటులో ఇటువంటి సంబంధమే కనిపిస్తుంది. గోండు వంశాలకు ప్రధాన్‌లు వంశపారంపర్య కథకులు. ఒక్కొక్క ప్రధాన్ కుటుంబానికి కథ చెప్పవలసిన గోండు కుటుంబాలు ఉంటాయి. ప్రధాన్‌లు ఇంట్లో మాట్లాడేది మరాఠీ, కథ చెప్పేది మాత్రం గోండిలో. అంటే గోండుల చరిత్రను వేరే మాతృభాష కలిగినవారు గోండుల భాషలోనే కాపాడుతూ వచ్చారు. వారి వాద్యం మూడు తీగల కిక్రి. తోటి తెగవారు కూడా గోండులకు కథలు చెబుతారు.

3. కథలో ఏముంది?

గోండు సమాజం ఏడు, ఆరు, ఐదు, నాలుగు దేవతల సగలుగా విభజన పొందింది. ఒకే సగలోని వారి మధ్య పెళ్ళి జరగదు. ఈ విభజన ఎలా వచ్చిందో ప్రధాన్ కథ చెబుతుంది. గుహలో బందీలైన గోండు దేవతలను పహండి కుపార్ లింగాల్ విడిపించి, వారిని సగలుగా ఏర్పరిచాడన్నది దాని సారం. ఇది పురాణగాథే అయినా, ఎవరు ఎవరికి బంధువులో, ఎవరి ఇంటి పిల్లను ఎవరు చేసుకోవచ్చో నిర్ణయించే నియమావళి కూడా.

కేస్లాపూర్ నాగోబా జాతరలో కథ నడకగా మారుతుంది. పుష్య అమావాస్యనాడు జరిగే పూజ కోసం మెస్రం వంశీయులు ముందుగానే కాలినడకన వెళ్ళి గోదావరి జలం తెస్తారు. నడిచిన దారి కూడా ఇక్కడ స్మృతిలో భాగమే.

4. చరిత్రగా దాని విలువ

'తేదీలు లేని కథ చరిత్ర ఎలా అవుతుంది?' అని మీకు సందేహం రావచ్చు. కొమురం భీం ఉదాహరణ తీసుకోండి. నిజాం బలగాలతో పోరాడుతూ భీం 1940లో జోడేఘాట్ వద్ద అమరుడయ్యాడు. ఆదివాసీలు అక్కడ ఆయన వర్ధంతిని ఆశ్వయుజ పౌర్ణమినాడు జరుపుకొంటారు. అంటే ఈ సంప్రదాయానికి కాలం తెలియక కాదు, దాని పంచాంగం వేరు.

మౌఖిక సంప్రదాయాన్ని గుడ్డిగా నమ్మాలని దీని అర్థం కాదు. ఆఫ్రికా చరిత్రకారుడు జాన్ వాన్సినా 1985లో వెలువరించిన గ్రంథంలో, మౌఖిక సంప్రదాయాలలో ఆది కాలం గురించీ, ఇటీవలి కాలం గురించీ సమాచారం ఎక్కువగా ఉండి, మధ్య కాలం గురించి పలుచగా ఉంటుందని గుర్తించాడు. మరొక పరిమితి కూడా ఉంది. సంభావన ఇచ్చే వంశం ఘనతను పెంచి చెప్పే మొగ్గు కథకునిలో ఉండటం సహజం. అదే సమయంలో వినేవారు కొత్తవారు కారు. అది వారి సొంత కథ. పూర్వీకుని పేరు తప్పితే పట్టుకోగల పెద్దలు ఎదుటే కూర్చుని ఉంటారు. లిఖిత పత్రానికి లేని పరీక్ష ఇది.

ఈ చర్చ పరీక్ష కోసం మాత్రమే కాదు. 1997లో కెనడా సుప్రీంకోర్టు డెల్గముక్ కేసులో, ఆదివాసీల భూమి హక్కును నిర్ణయించేటప్పుడు వారి మౌఖిక చరిత్రకు సాక్ష్యంగా తగిన విలువ ఇవ్వాలని చెప్పింది. మన దేశంలో 2006 అటవీ హక్కుల చట్టం కింద రూపొందిన 2008 నియమాలు, హక్కు కోరే వ్యక్తి కాక ఇతర పెద్దలు చెప్పిన మాటను రాతలో పెడితే సాక్ష్యాలలో ఒకటిగా గుర్తిస్తున్నాయి. ఊరి కథ తెలిసిన పెద్ద మనిషి లేని చోట ఆ సాక్ష్యం కూడా ఉండదు.

5. రాత చేసిన మేలు, మిగిల్చిన లోటు

మార్లవాయిలో ఉండి గోండులను అధ్యయనం చేసిన హైమెన్‌డార్ఫ్ 1948లో ఆదిలాబాద్ రాజ్‌గోండులపై ఇంగ్లీషులో గ్రంథం ప్రచురించి, వారి పురాణగాథలను బయటి ప్రపంచానికి అందించాడు. అల్లం రాజయ్య, సాహు కలిసి రాసిన 'కొమురం భీం' నవల భీం పోరాటాన్ని తెలుగు పాఠకుల వద్దకు చేర్చింది. ఈ మేలు చిన్నది కాదు.

అయితే పుస్తకంలోకి వచ్చిన కథ ఒక్క పాఠంగా గట్టిపడుతుంది. కిక్రి స్వరం, వినేవారి సవరణ, గోండి భాష నుడికారం అందులో ఉండవు. పుస్తకం కొన్న పాఠకునికి ప్రధాన్‌తో ఏ బాధ్యతా ఉండదు. సంభావన తగ్గి, కథకుని కొడుకు వేరే పని వెతుక్కుంటే, రికార్డు చేసిన కథ మిగులుతుంది కాని చెప్పే హక్కు, అడిగే హక్కు రెండూ పోతాయి. కాబట్టి కథను రాసి ఉంచడం అవసరమే అయినా, అది పరిరక్షణలో సగం పని మాత్రమే. కథకునికి గౌరవప్రదమైన బతుకు, వినే పిల్లలకు గోండి భాష ఉండేలా చూడటం మిగతా సగం.

6. సారాంశం

నర్మెట బండ, ప్రధాన్ కథ రెండూ గతానికి ఆధారాలే. బండ బరువును క్రేనుతో తెలుసుకోవచ్చు. పేర్లు చెప్పడానికి మాత్రం మనిషి కావాలి, వినడానికి మరొకరు కావాలి. మౌఖిక చరిత్రను విమర్శించేటప్పుడు 'ఇది నిజమా?' అన్న ప్రశ్నతో ఆగకుండా, ఎవరు, ఎవరికి, ఏ సందర్భంలో చెబుతున్నారో, తప్పితే ఎవరు దిద్దుతారో కూడా అడగాలి.

అభ్యాసం: మీ ఊరిలో కథ చెప్పే హక్కు ఉన్న కుటుంబం ఏదైనా ఉందా? వారు ఎవరికి, ఎప్పుడు కథ చెబుతారో పెద్దలను అడిగి తెలుసుకొని, పై నాలుగు ప్రశ్నల ఆధారంగా ఒక పుట రాయండి.