ఆంప్స్ చూశావా?

వోల్టేజీ తగ్గితే మోటారు లాగే కరెంటూ తగ్గుతుందని బడిలో ఫిజిక్సు చదివిన ఎవరైనా అనుకుంటారు. 1827లో ఓమ్ అచ్చు వేయించిన సూత్రం చెప్పేది అదే కదా: నిరోధం మారకపోతే వోల్టేజీని బట్టే కరెంటు. మోటారు వైండింగ్ షాపులో మాత్రం ఈ లెక్క తిరగబడుతుంది. ఎండాకాలం లో వోల్టేజీ మొదలైతే చాలు, అక్కడ కాలిన మోటార్లు వరస కడతాయి. కరెంటు చాలక పాడైనవి కావవి, ఎక్కువ లాగి మాడినవి.

ఈ సంగతి నాకు పుస్తకంలో దొరకలేదు. ఊళ్లో వైండింగ్ షాపు ముందు బల్ల మీద కూర్చుని, వచ్చేపోయే రైతుల మాటలు వింటూ నేర్చుకున్నాను. మోటారు దింపగానే మెకానిక్ అడిగే మొదటి మాట, "ఆంప్స్ చూశావా అన్నా?" రైతు చెప్పే జవాబు, "వోల్టేజీ మూడొందల ముప్పయ్యే ఉందిరా." అడిగిందొకటి, చెప్పిందొకటి. ఆ రెండింటి మధ్యే రైతు డబ్బు పోతోంది.

స్నానానికి నీళ్లు కాచే వెయ్యి వాట్ల హీటరు ఓమ్ మాట వింటుంది. 230 వోల్టులుంటే నాలుగు ఆంపియర్ల పైచిలుకు లాగుతుంది. వోల్టేజీ 184కు పడిపోతే కరెంటు మూడున్నరకు దిగుతుంది. రెండూ తగ్గాయి కాబట్టి వాటి లబ్ధమైన పవరు 640 వాట్లకు పడుతుంది. నీళ్లు ఆలస్యంగా కాగుతాయి, అంతే. హీటరుకేమీ కాదు.

మోటారు అలా ఊరుకోదు. దాని నెత్తిన పని ఉంది. బోరులో నీళ్లు ఎంత లోతున ఉన్నాయో అంత ఎత్తూ లాగాల్సిందే, వోల్టేజీ తగ్గిందని నీటిమట్టం పైకి రాదు. పైగా మోటారులో కరెంటును ప్రధానంగా అదుపులో ఉంచేది రాగి తీగ నిరోధం కాదు, మోటారు తిరగడం. నిలబడి ఉన్న మోటారు స్విచ్చి వేయగానే ప్లేటు మీద రాసినదానికి ఆరు రెట్ల దాకా లాగి, వేగం అందుకున్నాక దిగివస్తుంది. వోల్టేజీ ఐదో వంతు తగ్గితే తిప్పే బలం మూడో వంతుకు పైనే పోతుంది, ఎందుకంటే ఆ బలం వోల్టేజీ వర్గాన్ని బట్టి ఉంటుంది. మోటారు కాస్త మందగిస్తుంది, ఆ లోటు పూడ్చుకోవడానికి ఇంకా లాగుతుంది. 415 వోల్టుల దగ్గర ఏడున్నర ఆంపియర్లు తీసుకునే ఐదు హెచ్‌పీ మోటారు 330 దగ్గర తొమ్మిది దాటుతుంది.

తొమ్మిదేగా అనిపిస్తుంది. కానీ తీగలో పుట్టే వేడి కరెంటు వర్గంతో పెరుగుతుందని జూల్ 1841లోనే చూపించాడు. కరెంటు పావు వంతు పెరిగితే వేడి ఒకటిన్నర రెట్లు దాటుతుంది. వైండింగ్ వేడి పది డిగ్రీలు పెరిగిన ప్రతిసారీ ఇన్సులేషన్ ఆయుష్షు సగమవుతుందని ఈ రంగంలో వాడుకగా చెప్పుకునే లెక్క. మోటారు ఒక్క రోజులో కాలిందనుకుంటాం గానీ, అది నెల రోజులుగా కాలుతూనే ఉంటుంది.

ఇంతకీ వోల్టేజీ ఎందుకు పడుతుంది? ఇక్కడ ఓమ్ మళ్లీ నెగ్గుతాడు. రాబిట్ అనే కండక్టరుకు కిలోమీటరుకు అర ఓమ్ పైన నిరోధం. కిలోమీటరు లైను చివర పది మోటార్లుంటే 75 ఆంపియర్లు. గుణిస్తే ఒక్కో ఫేజులో 40 వోల్టులు దారిలోనే ఖర్చు. అందుకే ట్రాన్స్‌ఫార్మరు పక్కన పొలమున్న రైతుకు ఏ బాధా ఉండదు, చివరి పొలం రైతు మాత్రం ఏటా షాపుకొస్తాడు. 11 కేవీ లైనును బావుల దాకా తెచ్చి చిన్న ట్రాన్స్‌ఫార్మర్లు పెట్టే పద్ధతి ఇందుకే మంచిది. అదే పవరుకు లైనులో కరెంటు 26వ వంతు చాలు, అదే తీగలో వేడి నష్టం 700వ వంతుకు దిగుతుంది.

ఇక ఆటో స్టార్టరు. కరెంటు వచ్చీరాగానే దాని మీదున్న మోటార్లన్నీ ఒక్కసారే లేస్తాయి, ఒక్కొక్కటి ఆరు రెట్లు లాగుతూ. లైను కుప్పకూలుతుంది. బలం చాలక మోటారు తిరగదు, తిరగదు కాబట్టి కరెంటు దిగదు. తెలంగాణలో 2018 జనవరి 1న 24 గంటల ఉచిత కరెంటు మొదలైనప్పుడు వీటిని తీసేయమని విద్యుత్ సంస్థలు ఊరూరా చెప్పాయి. రాత్రిపూట పొలానికి పోలేకే కదా రైతు వాటిని పెట్టుకున్నది. ఆ బాధ నిజమే. కానీ కరెంటు పగలూ ఉన్నచోట కూడా ఆ డబ్బా ఉంచుకోవడం నా దృష్టిలో వట్టి అలవాటు.

స్టార్టరులో ఓవర్‌లోడ్ రిలే ఉన్నది ఈ ఆంపియర్లను కాపలా కాయడానికే. అది మాటిమాటికీ ట్రిప్పవుతోందని దాని ముల్లును చివరికంటా తిప్పేస్తారు. ఫ్యూజు పోతుంటే మూడు పోగుల రాగి తీగ కడతారు. అప్పుడిక కాలడానికి మిగిలింది మోటారే.

రైతులకు నేను చెప్పేదొకటే. ఈసారి స్టార్టరు కొనేటప్పుడు వోల్టు మీటరుతో పాటు ఆంపియర్ మీటరూ ఉన్నదే అడగండి. మోటారు ప్లేటు మీది ఆంప్స్ మెకానిక్‌కు చూపించి రిలే సరిచేయించండి. మీటరు ముల్లు ఆ అంకె దాటితే, మడి తడవకపోయినా సరే, మోటారు ఆపేయండి.