మధురవాణికి తీర్పు చెప్పిందెవరు?

అపవాదు మోస్తున్న స్త్రీ న్యాయం ఎదుట నిలిచినప్పుడు నిజంగా విచారణకు గురయ్యేది ఎవరు? 1950 నాటి జపాన్ చిత్రం ‘రషోమాన్’లో దర్శకుడు కురొసావా న్యాయాధికారిని తెరపై చూపనే లేదు. చెరచబడిన స్త్రీ ప్రేక్షకుల వైపే తిరిగి వాంగ్మూలమిస్తుంది. తీర్పు భారం చూసేవారిదే అవుతుంది. అంతకు నాలుగు దశాబ్దాల ముందే గురజాడ అప్పారావు ‘కన్యాశుల్కం’లో ఈ ప్రశ్నను మరొక రీతిలో వేశారు.

1892లో విజయనగరంలో తొలిసారి ప్రదర్శితమైన ఈ నాటకాన్ని ఆయన తిరగరాసి 1909లో వెలువరించారు. మలికూర్పులో మధురవాణి పాత్ర బాగా విస్తరించింది. లుబ్ధావధాన్లు తన బాలవధువును చంపాడన్నది అభియోగం. ఆ వధువు ఆడవేషంలో ఉన్న మహేశమన్న రహస్యం మధురవాణికి తెలుసు. ఆ పన్నాగంలో ఆమెకూ పాలుంది. నాటకంలో డిప్టీ కలెక్టరు కచేరీ ఉంది, వకీళ్ల వాదనలూ ఉన్నాయి. అవి నవ్వు పుట్టిస్తాయే గాని నిజాన్ని వెలికితీయవు. నిజం బయటపడేది వకీలు సౌజన్యారావు పంతులు ఇంట్లో, పురుషవేషంలో వచ్చిన వేశ్య నోట.

వేశ్యను గడప తొక్కనివ్వరాదన్న నియమం సౌజన్యారావుది. సాక్ష్యానికి ప్రతిఫలంగా ఆమె ముద్దు కోరుతుంది. ఒక వృద్ధుని ప్రాణం కోసం ఆయన నియమం సడలించుకోబోగా, ఆమే వారిస్తుంది. నిందితురాలిగా చూడబడిన స్త్రీ న్యాయవాది శీలాన్ని పరీక్షించి, దాన్ని తానే కాపాడుతుంది. నాటకంలోని అసలు తీర్పు ఇదే. గిరీశం బండారం బయటపడటం దాని కొనసాగింపు.

అయినా ముగింపు ఒక వెలితిని మిగులుస్తుంది. వితంతువైన బుచ్చమ్మకు పూనాలో ఆశ్రయం దొరుకుతుంది. మధురవాణికి దక్కేది భగవద్గీత ప్రతి మాత్రమే. దీన్ని రచయిత లోపమనడం కంటే కాలం సాక్ష్యమనడం సమంజసం. 1893లో మద్రాసు సంస్కర్తలు భోగంమేళాలను ప్రోత్సహించవద్దని వైస్రాయికి విన్నవించుకున్నారు. ఆ విన్నపం కళావంతుల గురించే గాని వారి నోటి మాట కాదు. దేవదాసీ అంకితాన్ని నిషేధిస్తూ మద్రాసు శాసనం వచ్చేసరికి 1947 అయింది. వృత్తిని దోషిగా నిర్ణయించడం తేలిక. ఆ వృత్తిలోని మనిషికి నిలువనీడ చూపడం కష్టం. సంస్కరణను కేవలం ఉత్తర్వుగా భావించే ప్రతి తరమూ మధురవాణి ఎదుట సౌజన్యారావులాగే తడబడక తప్పదు.