రాతకు ముందు లెక్క

రాతకు లోకాన్ని మార్చే మహిమ ఉందని తెలుగువాళ్లం ఏనాటి నుంచో నమ్ముతున్నాం. వేములవాడ భీమకవి పద్యం చెబితే కళింగ గంగుకు రాజ్యం పోయిందట, మళ్లీ చెబితే తిరిగొచ్చిందట. కావ్యం ఏ గణంతో మొదలైతే ఏ ఫలమో లక్షణకర్తలు రాసిపెట్టారు. రామకోటి రాసే పెద్దవాళ్లు ఇవాళ్టికీ మన ఊళ్లలో ఉన్నారు. మ్యూనిక్ పక్కన గార్చింగ్‌లో ఉంటూ తెలుగు కథలు రాసే నాకూ ఆ నమ్మకం ఉంది. అయితే ఆ మహిమ ఎక్కడి నుంచి వస్తుందో నాకు ఈ ఊళ్లోనే తెలిసింది.

యూ6 మెట్రో చివరి స్టేషన్‌లో దిగితే చుట్టూ పరిశోధన సంస్థలే. వాటిలో మాక్స్ ప్లాంక్ ఖగోళ భౌతిక సంస్థ ఒకటి. అక్కడ పనిచేసిన వోల్కర్ స్ప్రింగెల్ ‘గాడ్జెట్’ అనే ప్రోగ్రామ్ రాశాడు. విశ్వ పరిణామాన్ని కంప్యూటర్‌లో అనుకరించి 2005లో వెలువడిన మిలీనియం సిమ్యులేషన్ దానితోనే నడిచింది. 200 కోట్ల కాంతి సంవత్సరాలకు మించిన భుజం గల ఘనం, అందులో 1,000 కోట్లకు పైగా కణాలు. గార్చింగ్‌లోనే ఉన్న సూపర్ కంప్యూటర్ దాదాపు నెల రోజులు పనిచేసింది. ఆ లెక్కల్లోంచి సుమారు 2 కోట్ల గెలాక్సీలు పుట్టుకొచ్చాయి. మనిషి రాసిన వరుసలు ఒక విశ్వాన్ని నడిపించాయి! నేను చూసినంతలో మంత్రానికి ఇంతకంటే దగ్గరగా వచ్చిన రాత లేదు.

ఆ వరుసలకు అంత బలం ఎలా వచ్చింది? ఆరంభ స్థితిని వాళ్లు తోచినట్టు పెట్టుకోలేదు. విశ్వపు తొలి కాంతిని ఉపగ్రహం కొలిచి చెప్పిన విలువలకు సరిపోయేలా పెట్టారు. పుట్టిన గెలాక్సీలను నిజమైన ఆకాశంలోని గెలాక్సీలతో పోల్చి చూశారు.

రాతను కొలిచిన లెక్క మీద నిలబెట్టే ఇదే పని విజయనగరంలో అంతకు వందేళ్ల ముందే జరిగింది. ‘కన్యాశుల్కం’ నాటకం 1892లో ప్రదర్శితమైంది, 1897లో అచ్చయింది. తొలి ముద్రణకు గురజాడ ఇంగ్లీషులో రాసిన ముందుమాటను మనం తక్కువగా చదువుతాం. విశాఖపట్నం జిల్లా బ్రాహ్మణ కుటుంబాల్లో మూడేళ్లలో జరిగిన శుల్క వివాహాల జాబితాను మహారాజు తయారు చేయించారు. తేలినవి 1,034. పెళ్లికూతుళ్లలో ఐదేళ్లవాళ్లు 99 మంది, రెండేళ్లవాళ్లు ఆరుగురు, ఏడాది పిల్లలు ముగ్గురు. ఆ పసిగుడ్డుల ధర 350 నుంచి 400 రూపాయలు. నాటకంలో చిన్నపిల్ల సుబ్బిని ముసలి లుబ్ధావధాన్లకు కట్టబెట్టే బేరం మీద మనం నవ్వుతూనే ఎందుకు వణుకుతామో ఆ అంకెలు చెబుతాయి. ఎక్కడో ఒకటీ అరా జరుగుతున్నాయిలే అని తప్పించుకునే దారి ఆ జాబితాతో మూసుకుపోయింది. భీమకవి శాపం కంటే ఈ ముందుమాటే నాకు మహిమగలది.

అందుకే కథ మొదలుపెట్టే ముందు నేను ఒక పట్టిక రాసుకుంటాను. పాత్ర ఇంటి అద్దె ఎంత, జీతం ఎంత, ఇంటికి పంపేది ఎంత, బాకీ ఎవరికి. అది పూర్తికాకుండా సంభాషణ రాస్తే ఆ మనిషి నోట నా మాటలే పలుకుతాయి. పట్టిక పూర్తయ్యాక రాస్తే తన మాటలు తనే మాట్లాడుకుంటాడు.

ఈ ఊరి యూనివర్సిటీకి వచ్చే మన పిల్లల మీద ఇంకా సరైన కథ రాలేదని నా అభిప్రాయం. వీసా కోసం, నెలనెలా కొంత మాత్రమే తీసుకోగల ‘బ్లాక్డ్ అకౌంట్’లో ఏడాదికి 11,904 యూరోలు చూపించాలి. 2024 శీతాకాలం నుంచి మ్యూనిక్ టెక్నికల్ యూనివర్సిటీ ఐరోపా కూటమి బయటి నుంచి కొత్తగా చేరేవారికి సెమిస్టర్‌కు 2,000 నుంచి 6,000 యూరోల ఫీజు పెట్టింది. దీనికి ఏ పొలం తాకట్టులోకి వెళ్లింది, ఏ అక్క పెళ్లి వాయిదా పడింది, వడ్డీ నూటికి ఎంత?

గార్చింగ్‌లో చదువుకుంటున్న తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, మంచు గురించి, ఒంటరితనం గురించి తర్వాత రాయవచ్చు. ముందు ఈ లెక్క రాయండి. పేర్లు మార్చుకోండి, అంకెలు మాత్రం మార్చకండి.