సాంతొరీని పప్పుజావ

ఏజియన్ సముద్రమునందలి సాంతొరీని ద్వీపము అగ్నిపర్వతము బ్రద్దలై నడిభాగము సముద్రగర్భమున క్రుంగిపోగా మిగిలిన నెలవంకవంటి నేల. అచట నదులు లేవు, వానలు స్వల్పము. రాత్రివేళ సముద్రము మీదినుండి వచ్చు తేమయే బూడిదనేలలోని పైరులకు ప్రాణాధారము. ఇట్టి నేలలో పండు చిన్న పసుపుపచ్చని పప్పును గ్రీకులు ఫావా యందురు. 1967లో స్పిరిడాన్ మరినాటోస్ త్రవ్వకములు ప్రారంభించిన అక్రోటిరి పురమున, మూడున్నరవేల యేండ్లకు పూర్వమే బూడిద క్రింద కప్పబడిన యిండ్లలో, ఈ గింజలు నిలువచేసిన జాడీలు దొరకినవి.

ఇట్టి పప్పుతో కాచు జావపై గ్రీకులకుగల మక్కువయు ప్రాచీనమే. క్రీ.పూ. 405లో ప్రదర్శింపబడిన అరిస్టొఫానీసు ప్రహసనము 'కప్పలు' నందు, తన మనసులోని తహతహ యెట్టిదో వీరాధివీరుడగు హెరాక్లీసునకు బోధపరుపదలచిన డయోనైససు దేవుడు, నీ కెన్నడైన పప్పుజావపై మనసు పోయినదా యని యడుగును. ఆ యుపమానము అతనికి వెంటనే బోధపడును!

వృక్షశాస్త్రరీత్యా సాంతొరీని పప్పు లాథిరస్ ప్రజాతికి, అనగా మన కేసరి పప్పు పుట్టిన ప్రజాతికే, చెందినది. అంతమాత్రమున కేసరి పప్పును తెచ్చి వండుట తగదు. దానిని దీర్ఘకాలము అధికముగా తినినవారి కాళ్లు పడిపోవుట మనదేశమున చిరకాలముగా తెలిసిన విషయమే. ద్వీపపు పప్పు దొరకనిచోట పసుపు బఠాణీ పప్పు వాడవచ్చును. గ్రీసునందును దానితో వండుకొనువారు కలరు.

పావుకిలో పప్పును నీరు తేటపడువరకు కడిగి, లీటరు చన్నీటిలో వేసి పొయ్యిమీద నుంచవలెను. పొట్టుతీసి బద్దలు చేసినది గనుక నానబెట్టనక్కరలేదు. నీరు తెర్లుటకు ముందు తెల్లని నురుగు దట్టముగా పైకి లేచును. దానిని గరిటెతో ఓపికగా తీసివేసినగాని రుచి తేటపడదు. పిదప నాలుగు ముక్కలుగా కోసిన పెద్ద యుల్లిగడ్డయు, రెండు చెంచాల ఆలివ్ నూనెయు చేర్చి, మంట తగ్గించి, మూత కొంచెము ఓరగా పెట్టి, ముప్పావుగంట మొదలు గంటవరకు ఉడుకనీయవలెను. నీరు చాలకున్న మరిగిన నీరే పోయవలెను. ప్రెషర్ కుక్కరులో త్వరగా ఉడుకునన్నమాట నిజమే. కాని నురుగు తీయుటకు వీలుండదు, అది ఆవిరి రంధ్రమున కడ్డుపడవచ్చును గూడ. నిమ్మరసమును ముందుగా పోసినచో ఆ పులుపునకు పప్పు బిరుసెక్కి, ఎంతసేపటికిని మెత్తబడదు. నీరు ఇగిరినకొలది ఉప్పదనము హెచ్చును గనుక ఉప్పును చివరనే వేయవలెను.

పప్పు కరగుచున్నప్పుడు అడుగంటకుండ కొయ్యగరిటెతో కలుపుచుండవలెను. బద్ద యాకారము పూర్తిగా పోయి, గరిటె వెనుకవైపున పలుచని పూతవలె నిలిచినప్పుడు దింపవలెను. చల్లారినకొలది ఇది ముద్దపప్పువలె గట్టిపడును గనుక, దించునప్పుడు జారుగా నుండుటయే సరియైన పాకము.

ఇక ఈ వంటలోని అసలు కౌశలము నూనెయందున్నది. ఉడుకునప్పుడు పోసిన నూనె పప్పునకు నునుపు నిచ్చును. పళ్లెములో వడ్డించిన పిమ్మట పైన ధారగా పోసిన పచ్చినూనె, వేడికి లోనుగానందున, తన పరిమళమును కొంచెపు చేదును కోల్పోక నాలుకకు తగులును. దానిపై సన్నగా తరిగిన పచ్చియుల్లి, ఉప్పులో ఊరవేసిన కేపర్ మొగ్గలు, నిమ్మరసము, ఎండిన ఒరెగానో చల్లుదురు. మిగిలినదానిని మరునాడు నూనెలో ఎఱ్ఱగా వేగిన ఉల్లితో కలిపి, పప్పునకు పెండ్లి చేసితిమని ద్వీపవాసులు చమత్కరింతురు. నా మట్టుకు మొదటినాటి సాదా పప్పుజావయే మేలు.

మన చేయి పోపుగింజలకై సాగుట సహజము. ఆవాలు, ఇంగువ, ఎండుమిర్చి చేరినచో అదియు రుచికరమైన పప్పే కావచ్చును గాని, పచ్చినూనె పరిమళము మాత్రము వానిక్రింద అణగిపోవును. గనుక తొలిసారి వండువారు పోపు మానుమని నా మనవి.