ముందు మేత, తరువాత చేప

ముదినేపల్లి, కలిదిండి, కైకలూరు వైపు వెళితే రోడ్డుకు రెండు పక్కలా చేపల చెరువులే. అక్కడ నర్సరీ చెరువులో చేపపిల్లలు పెంచే రైతు ముందు నీటిలో మేత పుట్టిస్తాడు, ఆ తరువాతే పిల్లను దించుతాడు. విజయవాడ ఇళ్లలో అక్వేరియం పెట్టుకునేవాళ్లు మాత్రం తరచూ చేపను ముందు కొని, బతికున్న మేత కోసం తరువాత వెతుకుతారు. ఏది దొరికితే అది వేస్తారు. మేతను చేప నోటిని బట్టి ఎంచుకోవాలని, ఎక్కడినుంచో పట్టి తేవడం కన్నా పెంచుకోవడం మేలని నర్సరీ చెరువే చెబుతోంది.

నర్సరీకి శాస్త్రజ్ఞులు చెప్పే లెక్క హెక్టారుకు 750 కిలోల వేరుశనగ చెక్క, 200 కిలోల పేడ, 50 కిలోల సింగిల్ సూపర్ ఫాస్ఫేట్. అన్నీ కలిపి నీళ్లతో చిక్కటి ముద్ద చేసి, సగం ముద్దను స్పాన్ (గుడ్డునుంచి అప్పుడే వచ్చిన చేపపిల్లలు) వదలడానికి 2, 3 రోజుల ముందు, మిగతాది వాయిదాల మీద చల్లుతారు. దాంతో నీటిలో సన్నటి నాచు, నాచును తిని బతికే కంటికి ఆనీ ఆనని ప్రాణులు, అంటే ప్లాంక్టన్, పెరుగుతాయి. 50 లీటర్ల నీటిని ప్లాంక్టన్ వలలో వడకడితే అడుగున 1 నుంచి 2 మిల్లీలీటర్లు పేరుకోవాలి. అప్పుడే పిల్లకు తిండి ఉన్నట్టు. పిల్లను పట్టి తినే నీటిపురుగులు కూడా చేరతాయి కనుక, సబ్బూ నూనే కలిపి చల్లి నీటిపై పొర కట్టిస్తారు. దాంతో ఆ పురుగులకు గాలి అందదు. 1957లో శాస్త్రవేత్త హీరాలాల్ చౌధురి హార్మోన్ సూదితో కార్పు చేపల చేత గుడ్లు పెట్టించాక స్పాన్ కోసం నదుల మీదే ఆధారపడే అవసరం తగ్గింది. ఆ స్పాన్ బతికి బట్టకట్టడం మాత్రం ఇవాళ్టికీ ఈ తొలి తిండి మీదే ఉంది.

అక్వేరియానికీ లెక్క ఇదే. అప్పుడే ఈత నేర్చిన పిల్లకు రోటిఫర్ల వంటి అతి చిన్న ప్రాణులు కావాలి. కాస్త ఎదిగితే అప్పుడే పొదిగిన ఆర్టీమియా అనే ఉప్పునీటి చిన్న రొయ్య, ఆ తరువాత మోయినా అనే నీటి ఈగ. మన ఎండకు మరో నీటి ఈగ డాఫ్నియా కన్నా మోయినాయే తగినదని నా అభిప్రాయం: వేడికి ఓర్చుకుంటుంది, మగతో పని లేకుండానే పిల్లలు పెడుతుంది. మోయినా తొట్టి నీటిని గ్లాసుతో ముంచి వెలుతురుకు ఎదురుగా పట్టుకుంటే ఆవగింజ కన్నా చిన్న చుక్కలు ఎగిరెగిరి దూకుతుంటాయి. అవి ఎర్రబడ్డాయంటే నీటిలో ప్రాణవాయువు తగ్గినట్టు. మేత తగ్గించి కొంత నీరు మార్చాలి.

డబ్బాలో గుళికలుండగా ఇదంతా ఎందుకని అడగవచ్చు. ఎదిగిన గోల్డ్‌ఫిష్‌కు మంచి గుళికలు చాలు, ఒప్పుకుంటాను. కానీ చాలా జాతుల పసిపిల్లలు కదలని పొడిని తిండిగా గుర్తించవు. తినక మిగిలిన పొడి అడుగున కుళ్లి నీటిని పాడుచేస్తుంది. బతికున్న మేతతో రోగాలొస్తాయన్న భయంలో నిజముంది. అయితే రోగం ఆ మేత పెరిగిన నీటినుంచి వస్తుంది. ఎర్ర దారాల ఉండలా కదిలే ట్యూబిఫెక్స్ మురుగులో బతికే పురుగు. ఎంత కడిగినా దాని కడుపులోని మురికి వెంటనే పోదు. చేపలున్న చెరువు నీటితో వాటి రోగాలూ రావచ్చు. చేపలు లేని తొట్టిలో పెంచిన మోయినాకు ఆ బెడద చాలా తక్కువ. దోమ లార్వాలను బెట్టా చేప ఇష్టంగా తింటుంది, నిజమే. కానీ డెంగీ మోసే దోమ గుడ్డునుంచి రెక్కలొచ్చేదాకా ఎదగడానికి వారం, పది రోజులు చాలు. కాబట్టి దోమల కోసం తొట్టి పెట్టవద్దు. మోయినా తొట్టికి కూడా దోమ దూరని సన్న వల కట్టాలి.