‘రివర్ట్’ : మరలుటయా, మరల్చుటయా?

ఆంగ్లమునుండి తెనుగు వ్యవహారమునకు వచ్చిన పదములలో నామములను గూర్చి మన పరిశోధకులు చూపిన శ్రద్ధ క్రియలను గూర్చి చూపినట్లు కానరాదు. దీనికి కారణము లేకపోలేదు. ఆంగ్లక్రియ తెనుగులోనికి వచ్చినపుడు ఒంటరిగా నిలువజాలదు. ‘అగు’, ‘చేయు’ అను రెండు తెనుగు క్రియలలో నొకదానిని ఊతగా గైకొని నడచును. అందుచేత అది చూచువారికి నామమువలెనే కన్పట్టును. కాని ఆ రెండు ఊతలలో దేనిని ఎన్నుకొనవలెనను విషయమున భాషకు మాత్రమే గాక మనుష్యులకును సంబంధించిన ప్రశ్న యొకటి దాగియున్నది. ఆ ప్రశ్నను ‘రివర్ట్’ అను ఒక్క క్రియను ఆధారముగా గొని పరిశీలించుట ఈ వ్యాసోద్దేశము.

ఈ క్రియ మనదేశమున మూడు చోట్ల ప్రబలముగా వినబడును. న్యాయస్థానములలో ‘రివర్షనరు’ అను రూపమున ఇది చిరకాలము వర్తిల్లినది. ఉద్యోగవర్గమున ‘ఆయనను రివర్ట్ చేసినారు’ అను వాక్యము సుప్రసిద్ధము. కార్యాలయములనుండి వచ్చు లేఖలలో ‘త్వరలో రివర్ట్ అగుదుము’ అను వాగ్దానము నేడు సర్వసామాన్యము. మొదటిచోట ఆస్తి, రెండవచోట ఉద్యోగి, మూడవచోట సమాధానము. ఈ మూడింటికిని ఒకే క్రియ ఎట్లు చెల్లినది? మూడింటిని ఒకే తెనుగు మాటతో అనువదింపవచ్చునా? అనువదింపరాదని మా అభిప్రాయము.

మొదట ఆ క్రియ పుట్టువును చూతము. లాటిను భాషలో ‘వెర్తెరె’ యనగా త్రిప్పుట. దానికి వెనుకకు అను అర్థము నిచ్చు ‘రె’ అను ఉపసర్గము చేరగా ‘రెవెర్తెరె’ యైనది. సంస్కృతమునందలి ‘వృత్’ ధాతువును ఈ లాటిను ధాతువును ఏకమూలజములు. కావున ‘ఆవర్తనము’, ‘నివృత్తి’, ‘పరివర్తనము’ మున్నగునవి ఈ ఆంగ్లక్రియకు దూరపు జ్ఞాతులు. ‘ప్రత్యావర్తనము’ అని నేటి పదకల్పకులు చెప్పుట కింపుగా నుండుటకు కారణ మిదియే. ఆంగ్లమున పూర్వము చూపును వెనుకకు త్రిప్పుట అను అర్థమున ఈ క్రియ సకర్మకముగను ప్రయుక్తమైనది. పిదప అది ప్రధానముగా అకర్మక మయ్యెను. ఒక వస్తువు పూర్వస్వామికి, ఒక దేశము పూర్వస్థితికి, ఒక వక్త విడిచిన ప్రసంగమునకు మరలుట దాని ముఖ్యార్థము. ఇటీవల కంప్యూటరు పనివారు మార్చిన ప్రతిని పూర్వరూపమునకు తెచ్చుట అను అర్థమున దీనిని మరల సకర్మకము చేసినారు. అకర్మకప్రయోగమునందు వస్తువు తనంతట తానే మరలినట్లు వాక్యము చెప్పును. మరల్చినవాడు వాక్యమున నుండడు. ఈ లక్షణమును పాఠకులు గుర్తుంచుకొందురు గాక.

ఇక తెనుగున ఈ భావమునకు గల దేశ్యక్రియలను పరికింతము. మదనపల్లె, పుంగనూరు ప్రాంతములకు చేరిన రామసముద్రపు సీమ దీనికి మంచి పరిశీలనాస్థలము. ఇట తెనుగునకు ప్రక్కనే కన్నడము కలదు. దక్షిణముగా కుప్పము చేరినచో తమిళమును వచ్చి కలియును. 1997లో ద్రావిడ విశ్వవిద్యాలయము కుప్పమున నెలకొనుట ఈ త్రిభాషాసంగమమునకు తగినదే. తెనుగున ‘మరలు’, ‘తిరుగు’ అను రెండును కలవు. కన్నడమునను ‘మరళు’, ‘తిరుగు’ అను క్రియలు కలవు. ‘వెనుదిరుగు’ అను మన మాటకు ‘హిందిరుగు’ సరిజోడు. తమిళమున ‘తిరుంబు’, ‘మీళ్’ అనునవి కలవు. విశేష మేమనగా, ఈ మూడు భాషలలోను పునరర్థకములైన అవ్యయములు పెక్కు ఈ క్రియలనుండియే పుట్టినవి. తెనుగున ‘మరల’, ‘తిరిగి’. ‘మరలి’ అను రూపమునుండి అచ్చులోపముచే నేర్పడిన ‘మళ్ళీ’. కన్నడమున ‘మరళి’, ‘తిరుగి’. తమిళమున ‘తిరుంబ’, ‘మీండుం’. రామసముద్రపు పల్లెవాడు ‘మళ్ళ వస్తా’ అన్నపుడు ఇంకొకసారి వచ్చుటను చెప్పుచున్నాడో, వెనుకకు మరలి వచ్చుటను చెప్పుచున్నాడో విడదీయుట కష్టము. ఈ సందిగ్ధత మన భాషలకు మాత్రమే చెందినది కాదు. పునరర్థకమైన ఆంగ్లావ్యయము ‘అగైన్’ సైతము ప్రాచీనకాలమున ‘ఎదురుగా’, ‘వెనుకకు’ అను అర్థముల నిచ్చినదే.

అయినను ‘మరలు’, ‘తిరుగు’ అనునవి పర్యాయములు కావు. ‘మరలు’ అను క్రియకు గమ్యము పూర్వస్థానము. పశువులు సాయంకాలము మందకు మరలును. ప్రయాణికుడు ఇంటికి మరలును. ‘తిరుగు’ అను దానికి గమ్యము నిశ్చితము కాదు. గానుగ తిరుగును, బిచ్చగాడు ఊరూర తిరుగును, తల తిరుగును. అదికారికి ఎదురు తిరిగినచో ‘తిరుగుబాటు’ అగును. సకర్మకములును రెండువిధములు: ‘మరల్చు’, ‘త్రిప్పు’. ‘మళ్ళు’ అను దానికి ‘మళ్ళించు’ అనునది సేద్యగాని నోట నిత్యము వినబడు మాట. సముద్రశబ్దము చివరగల ఊళ్ళు మన సీమలో సామాన్యముగా చెరువులనుబట్టి పేరొందినవి. చెరువునీటితో పైరు పండించు ఊరిలో నీరు తనంతట తాను మళ్ళినదా, ఎవడైన మళ్ళించినాడా అనునది వ్యాకరణవిషయము కాదు, వివాదవిషయము. ‘నీళ్ళు మళ్ళినవి’ అను వాక్యము గట్టు తెగినదని చెప్పవచ్చును. ‘నీళ్ళు మళ్ళించినారు’ అను వాక్యము ఒకనిపై నేరము మోపును. ఈ భేదమును పాటింపని తెనుగువాడు లేడు.

ఈ గీటురాతిపై ‘రివర్ట్’ ప్రయోగములను రాచి చూతము.

మొదటిది న్యాయస్థానపు ప్రయోగము. ఆంగ్లన్యాయమున యజమాని తన భూమిని ఒకని జీవితకాలమునకు ఇచ్చినచో, అతని మరణానంతరము ఆ భూమి యజమానికి మరలును. ఇట ‘మరలు’ అను క్రియ సార్థకము. ఆంగ్లేయుల పాలనలో న్యాయమూర్తులు హిందూధర్మశాస్త్రమునందలి వితంతువు ఆస్తికి ఇదే పరిభాషను తగిలించిరి. భర్త ఆస్తిని వితంతువు పరిమితాధికారముతో అనుభవించును. ఆమె పిదప దానిని పొందువాడు ‘రివర్షనరు’. కాని ఆ ఆస్తి అతనికి పూర్వమెన్నడు నుండినది? ఆమె జీవించియున్నంతకాలము అతనికి గలది హక్కు కాదు, వారసత్వముపై ఆశ మాత్రమే యని న్యాయస్థానములే చెప్పినవి. తనకు లేనిది తనకు మరలుట యెట్లు? దీనికి సమాధానము లేకపోలేదు. వితంతువు మరణించినపుడు వారసులను ఆమెనుబట్టి గాక భర్తనుబట్టి నిర్ణయింతురు. కావున ఆస్తి భర్త వంశమునకు మరలినదని అనవచ్చును. ఈ సమాధానమును మేము త్రోసిపుచ్చము. కాని ఇందులోనే చిక్కంతయు నున్నది. ఆస్తికి సహజమైన ఇల్లు పురుషుని జ్ఞాతివర్గమనియు, వితంతువు నడుమనున్న మజిలీ మాత్రమేననియు ఆ క్రియ మాటాడకయే ఒప్పించినది. వాదమునకు ముందే తీర్పు పదములో నిమిడియున్నది.

1937నాటి హిందూ స్త్రీల ఆస్తిహక్కు చట్టము వితంతువునకు భాగమిచ్చియు ఆ పరిమితిని తొలగింపలేదు. 1956లో వచ్చిన హిందూ వారసత్వ చట్టము పదునాల్గవ విభాగమున స్త్రీ స్వాధీనమునందలి ఆస్తికి ఆమెయే సంపూర్ణస్వామిని యని నిర్ణయించినది. ఆంధ్రప్రదేశమునుండి వెళ్ళిన యొక వ్యాజ్యమున, మనోవర్తికై పరిమితాధికారముతో ఒసగబడిన ఆస్తియు ఈ విభాగముచే సంపూర్ణ స్వత్వముగా మారునని 1977లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. ఆ మార్పుతో ‘రివర్షనరు’ అను మాట ముఖ్యముగ పాత దస్తావేజులలో మిగిలినది. ఆ దస్తావేజులను అనువదించువారు ‘ప్రత్యావర్తనాధికారి’ అని వ్రాసినచో పదము మరలును గాని అర్థము మరలదు. ‘వితంతువు పిదప వారసుడు’ అనుట పొడవైనను సత్యము. అందు కాలక్రమము చెప్పబడును, లేని పూర్వస్వత్వము చెప్పబడదు.

రెండవది ఉద్యోగవర్గపు ప్రయోగము. తాత్కాలికముగా పైపదవిని నిర్వహించుచున్న ఉద్యోగిని తన స్థిరపదవికి పంపుట ‘రివర్షను’. ఇట పూర్వస్థానము నిజముగానే కలదు. కావున మరలుట అను భావమునకు బాధలేదు. బాధ యంతయు ‘అగు’, ‘చేయు’ అను ఊతలకడ. ఉత్తరువునందు ఆంగ్లవాక్యము ఆ ఉద్యోగి రివర్ట్ అగుచున్నట్లు చెప్పవచ్చును. ఆ ఉత్తరువును చదివిన సహోద్యోగులు మాత్రము ‘ఆయనను రివర్ట్ చేసినారు’ అందురు. తెనుగు వ్యవహారము ఆంగ్లవాక్యమున లేని కర్తను ఇట తిరిగి నిలువబెట్టినది. ఇది అజ్ఞానముచే జరిగిన ప్రయోగదోషము కాదు. ‘మళ్ళినవి’, ‘మళ్ళించినారు’ అను భేదమును తల్లినుడినుండి నేర్చినవాని వివేకము.

ఈ భేదమే రాజ్యాంగప్రశ్నగా పరిణమించినది. రాజ్యాంగము 311వ అధికరణము, తగిన విచారణ లేక సివిలు ఉద్యోగి హోదాను తగ్గింపరాదని చెప్పుచున్నది. తాత్కాలిక పదవినుండి క్రిందిపదవికి పంపబడిన యొక రైల్వే ఉద్యోగి వ్యాజ్యమున సుప్రీంకోర్టు 1957లో ఈ విషయమును విమర్శించినది. పైపదవిపై హక్కులేనివానిని స్థిరపదవికి పంపుట మాత్రముచే అది శిక్ష కాదనియు, దానితోపాటు జీతనష్టము, స్థిరపదవిలో సీనియారిటీ లోపము, భావి ప్రమోషనులకు ఆటంకము వంటి దండనఫలములు కలిగినచో అది శిక్షయే యగుననియు అధికసంఖ్యాకులు నిర్ణయించిరి. ఆ ఉద్యోగి ఆ వ్యాజ్యమున ఓడిపోయెను. ఒక న్యాయమూర్తి భిన్నాభిప్రాయమును ప్రకటించెను. న్యాయశాస్త్రపరిభాషను తొలగించి చూచినచో ప్రశ్న ఇది: ఇతడు మరలినాడా, మరల్చబడినాడా? ఉత్తరువులోని క్రియ ఏది యైనను దాని ఫలమునుబట్టి కర్తను వెదకవలెనని న్యాయస్థానము చెప్పినట్లయినది. తెనుగున ఇట్టి ఉత్తరువును వ్రాయువారు ‘పూర్వపదవికి మరలుచున్నారు’ అని వ్రాయరాదు. ‘పూర్వపదవికి పంపడమైనది’ అనియైన వ్రాయవలెను. ఆ వాక్యమునను కర్త కన్పడడు; అయినను పంపినవాడు కలడను ఎరుక నిలుచును.

మూడవది లేఖల ప్రయోగము. సమాధానమిచ్చుట అను అర్థమున ఈ క్రియను భారతీయుల ప్రత్యేకప్రయోగముగా ఇటీవలి ఆంగ్లనిఘంటువులు కొన్ని పేర్కొనుచున్నవి. దీనిని తప్పని పరిహసించువారు కలరు. ఇది మన దేశ్యభాషలనుండి పుట్టినదని వాదించుటయు తొందరపాటే. సింగపూరు, మలేసియా దేశములందును ఈ ప్రయోగము వ్యాప్తిలో నున్నది. ఒక విషయమునకు మరలుట అను శుద్ధాంగ్లప్రయోగమునుండి విషయము జారిపోయి వ్యక్తి మిగిలినచో ఈ అర్థము సిద్ధించును. కావున ఆంగ్లవ్యాకరణదృష్టితో మేము దీనిని దూషింపము. తెనుగుదృష్టితో మాత్రము ఒక నష్టము కానవచ్చుచున్నది.

సమాధానమునకు తెనుగు వ్యవహారమున ‘జవాబు’, ‘బదులు’, ‘మారుమాట’, ‘ప్రత్యుత్తరము’ అనునవి కలవు. మరలు భావమే కావలెనన్నచో ‘తిరుగుటపా’ అను చక్కని సమాసము కలదు. ‘తిరుగుటపాలో తెలియజేయవలెను’ అను పాత లేఖలలోని వాక్యమును చూడుడు. జాబు తెచ్చిన టపా తిరిగి పోవునపుడే జవాబు పోవలెను. అనగా ఆ మాటలోనే గడువు ఇమిడియున్నది. ‘రివర్ట్ అగుదుము’ అను దానిలో గడువులేదు. పైగా ‘మరల తెలియజేయుదుము’ అని దానిని తెనిగించినచో అది ‘ఇంకొకసారి’ అను అర్థమును గూడ ఇచ్చి, అర్జీదారుని చేత జవాబునకు మారుగా రెండవ వాయిదా నుంచును. భూమి సర్వేకై, పింఛనుకై అర్జీ పెట్టుకొన్నవానికి ఈ సందిగ్ధత చిన్నది కాదు. ఆంధ్రప్రదేశ అధికారభాషాచట్టము 1966లో వచ్చినది. కార్యాలయములకు తెనుగు వచ్చుట యనగా ఆంగ్లవాక్యపు నీడ తెనుగు లిపిలో పడుట కాదు గదా! ‘ఇన్ని దినములలో జవాబు పంపుదుము’ అను వాక్యమునకు ఏ పదకోశమును అక్కరలేదు.

ఈ విచారణవలన తేలిన దేమనగా, పరావృత్తిని చెప్పు క్రియను అనువదించునపుడు పదమునకు పదము వెదకుటకు ముందు మూడు ప్రశ్నలు వేసికొనవలెను. మరలిన వస్తువు పూర్వము అచట నుండెనా? అది తానే మరలినదా, ఎవరైన మరల్చినారా? మరలుటకు గడువేమైన కలదా? ‘రివర్షనరు’ మొదటి ప్రశ్నకడ తొట్రుపడును. ఉద్యోగి రివర్షను రెండవదానికడ, లేఖలలోని రివర్ట్ మూడవదానికడ తొట్రుపడును. ‘ప్రత్యావర్తనము’ అను ఒకే తత్సమము ఈ మూడు తొట్రుపాటులను కప్పిపుచ్చును. దేశ్యక్రియలు వానిని బయటపెట్టును. తత్సమముపై మాకు ద్వేషము లేదు. పనికివచ్చుచోట అది శిరోధార్యమే.

పరిశోధకవిద్యార్థులకు ఇట చేయదగిన పని మిక్కిలి కలదు. పాత కోర్టు డిక్రీల అనువాదములను, ఉద్యోగోత్తరువులను, అర్జీలకు వచ్చిన జవాబులను సేకరించి, ప్రతి ఆంగ్లక్రియయు ‘అగు’ను గైకొన్నదా, ‘చేయు’ను గైకొన్నదా యని పట్టిక వేయవలెను. రామసముద్రమువంటి సరిహద్దు గ్రామములలో మరలు, మళ్ళు, తిరుగు అను క్రియల వాడుకను కన్నడ, తమిళ వ్యవహారములతో సరిపోల్చి వ్రాసికొనవలెను. నిఘంటువునందు ‘రివర్ట్’ అను మాట కెదురుగా పది పర్యాయములను చేర్చుటకంటె, ఏ సందర్భమున కర్తను చెప్పవలెనో సూచించు రెండు వాక్యములను చేర్చుట మేలు.